‘రోజూ చేసేదే కదా’ అని డాక్టరుకు చెప్పనివి

మీరు అడిగింది క్లుప్తంగా ఇది: ఎనిమిది నెలలుగా తలనొప్పి, ఎంఆర్ఐ బాగుంది, రక్త పరీక్షల్లో ఏమీ లేదు. కొత్తగా కలిసిన న్యూరాలజిస్టు మందు రాయకుండా, రెండు వారాల పాటు పొద్దున లేచిన దగ్గర్నుంచి పడుకునేదాకా చేసిన ప్రతి పనీ రాసుకు రమ్మన్నారు. ‘నాకేదో అరుదైన జబ్బు ఉందేమోనని టెన్షన్ పడుతుంటే, ఆయన నా దినచర్య అడుగుతున్నారు. దీనివల్ల నిజంగా ఏమైనా తేలుతుందా?’ అని మీ సందేహం.

తేలుతుంది. రాయండి. ఇరవై ఆరేళ్లుగా జనరల్ మెడిసిన్‌లో ఉన్నాను. ‘వింత కేసు’ అని నా దగ్గరకు పంపినవాటిలో చాలావాటికి మూలం అరుదైన జబ్బు కాదు. మామూలు అలవాటే ఎవరూ ఊహించని మోతాదులోనో, ఎవరూ లెక్కపెట్టనన్ని ఏళ్లో సాగి ఉంటుంది. అది పేషెంటుకు ఎంత మామూలైపోయి ఉంటుందంటే, డాక్టరుకు చెప్పాల్సిన విషయమని కూడా తోచదు. మాకూ అడగాలని తోచదు.

ముందు భయం లేని కేసు చెబుతాను. 2016లో లండన్ కంటి డాక్టర్లు ఇద్దరు మహిళల గురించి రాశారు. ఒకరికి 22 ఏళ్లు, ఇంకొకరికి 40. ఇద్దరికీ ఒక కంటి చూపు ఉన్నట్టుండి పోయేది. కొన్ని నిమిషాలయ్యాక అదే వచ్చేది. పగలు ఒక్కసారి కూడా రాదు. ఇలా ఒక కంటి చూపు పోతే మేము మొదట భయపడేది పక్షవాతానికి ముందు వచ్చే హెచ్చరికేమోనని. అందుకే మెదడు స్కాన్లు, గుండె పరీక్షలు అన్నీ చేశారు. అన్నీ నార్మల్. చివరికి, చూపు పోయే ముందు సరిగ్గా ఏం చేస్తున్నారని అడిగితే బయటపడింది. చీకట్లో ఒక పక్కకు తిరిగి పడుకుని ఫోన్ చూస్తున్నారు. ఒక కన్ను దిండులో దాగి ఉంది. దిండు కింది కన్ను చీకటికి అలవాటు పడింది, ఫోన్ చూసిన కన్ను వెలుతురుకు అలవాటు పడింది. ఫోన్ ఆపేయగానే వెలుతురు చూసిన కన్ను మళ్లీ చీకటికి సర్దుకోవడానికి కొన్ని నిమిషాలు పట్టేది. ఆ కాసేపు ఆ కన్ను గుడ్డిదైపోయినట్టే అనిపించేది. డాక్టర్లు తమ కళ్ల మీదే ప్రయోగం చేసి చూస్తే వాళ్లకూ అదే జరిగింది. చికిత్స ఏమీ లేదు, ఫోన్‌ను రెండు కళ్లతో చూడటమే. ఎంఆర్ఐలో దొరకనిది ఒక ప్రశ్నకు దొరికింది.

అన్నీ ఇంత తేలిగ్గా ముగియవు.

2013లో అమెరికాలోని మిషిగన్ నుంచి వచ్చిన కేసును నేను హౌస్ సర్జన్లకు ఎప్పుడూ చెబుతాను. 47 ఏళ్ల మహిళ. ఐదేళ్లుగా నడుము, చేతులు, కాళ్లు, తుంటి ఎముకల్లో నొప్పి. పళ్లు పెళుసై అన్నీ తీయించుకోవాల్సి వచ్చింది. ఎక్స్‌రే తీస్తే ఎముకలు ఉండాల్సిన దానికంటే బాగా చిక్కగా, తెల్లగా కనిపించాయి. అలాంటి ఫిల్మ్ చూస్తే మొదట క్యాన్సర్ ఎముకలకు పాకిందేమో అనిపిస్తుంది. అసలు సంగతి ఫ్లోరోసిస్. నీళ్లలో ఫ్లోరైడ్ ఎక్కువున్న ప్రాంతాల్లో వచ్చే జబ్బు ఇది, కానీ ఆమె ఉన్నది అలాంటి చోట కాదు. ఏం తాగుతారని అడిగితే ‘టీ’ అన్నారు. ఎంత అని అడగడంతో కథ మలుపు తిరిగింది. రోజూ ఒక పెద్ద జగ్గులో 100 నుంచి 150 టీ బ్యాగులు వేసి కాచుకుని తాగేవారు. అలా 17 ఏళ్లు. తేయాకు మొక్క నేలలోని ఫ్లోరైడ్‌ను లాక్కుని ఆకుల్లో దాచుకుంటుంది. రోజుకు మూడు నాలుగు కప్పులు తాగేవాళ్లకు దానివల్ల ఏ ఇబ్బందీ లేదు.

రెండేళ్ల తర్వాత, 2015లో, అమెరికాలోనే ఆర్కన్సా రాష్ట్రంలో 56 ఏళ్ల మగవ్యక్తికి కిడ్నీలు పాడై డయాలసిస్ దాకా వెళ్లింది. షుగర్ లేదు, రాళ్ల చరిత్ర లేదు, ఇంట్లో ఎవరికీ కిడ్నీ జబ్బు లేదు. కిడ్నీ ముక్క తీసి చూస్తే అందులో నిండా ఆక్సలేట్ స్ఫటికాలు. ఆయన రోజుకు 16 గ్లాసుల చల్లటి టీ తాగేవారు. తేయాకులో ఆక్సలేట్ కూడా ఉంటుంది మరి. ఇద్దరూ తాగింది ఒకటే, ఒకరికి ఎముకలు దెబ్బతిన్నాయి, ఇంకొకరికి కిడ్నీలు. ఇది చదివి టీ మానేయకండి. నేను ఇది రాస్తూ రెండో కప్పు తాగుతున్నాను. ఇక్కడ తప్పు టీది కాదు, లెక్కది. ‘టీ తాగుతారా?’ అని అడిగితే ఇద్దరూ ‘తాగుతాం’ అనే అంటారు, ఆ జవాబు ఎందుకూ పనికిరాదు. ‘ఎన్ని?’ అని అడిగితేనే రోగం బయటపడుతుంది. మీ డాక్టరు గంట గంటకూ రాయమన్నది కూడా అందుకే. రాసేటప్పుడు ‘కొంచెం’, ‘అప్పుడప్పుడు’, ‘మామూలుగానే’ లాంటి మాటలు వాడకండి. అంకె వేయండి.

అలవాటులో చిన్న మార్పు కూడా ఎంత పని చేస్తుందో 2020లో వచ్చిన మరో కేసు చెబుతుంది. అమెరికాలోని మసాచుసెట్స్ రాష్ట్రంలో 54 ఏళ్ల వ్యక్తి ఉన్నట్టుండి కుప్పకూలాడు, గుండె లయ తప్పింది. రక్తంలో పొటాషియం చాలా తక్కువగా ఉంది. ఎంత ప్రయత్నించినా మర్నాడు చనిపోయాడు. ఆయనకు రోజూ ఒకటిన్నర ప్యాకెట్ల మిఠాయి తినే అలవాటు ఏనాటి నుంచో ఉంది. కొత్తది ఒక్కటే. మూడు వారాల కిందట పళ్ల రుచి ఉన్న ఎర్ర రకం మానేసి, అతిమధురం కలిసిన నల్ల రకానికి మారాడు. ఆయన దృష్టిలో అది రుచి మార్పు, అంతే.

ఇక్కడ జరిగేది కాస్త వివరిస్తాను, ఎందుకంటే అతిమధురాన్ని దగ్గుకనీ గొంతుకనీ నెలల తరబడి వాడేవాళ్లను నేను చూశాను. మన ఒంట్లో కార్టిసాల్ అనే హార్మోన్ ఉంటుంది. అది కిడ్నీల్లో ఉప్పును పట్టి ఉంచే పని కూడా చేయగలదు. చేయకుండా అక్కడ ఒక ఎంజైమ్ దాన్ని ఆపుతుంటుంది, కాపలాదారులాగా. అతిమధురంలోని గ్లైసిరైజిన్ ఆ కాపలాదారును పడుకోబెడుతుంది. ఇక కార్టిసాల్ ఉప్పును పట్టేస్తుంది, బీపీ పెరుగుతుంది, పొటాషియం మూత్రంలో పోతుంది. పొటాషియం మరీ పడిపోతే కండరాలు నీరసిస్తాయి, గుండె కొట్టుకునే తీరు చెడుతుంది. నలభై దాటినవాళ్లు ఆ నల్ల మిఠాయిని రోజుకు సుమారు 57 గ్రాముల చొప్పున రెండు వారాలు తింటే గుండె లయ తప్పే ప్రమాదం ఉందని అమెరికా ఆహార, ఔషధ సంస్థ హెచ్చరించింది కూడా. మూలిక కాబట్టి ఏమీ కాదు అనేవాళ్లు ఈ పేరా ఇంకోసారి చదవాలి.

ఇప్పుడు నా తప్పు ఒకటి చెబుతాను. చాలా ఏళ్ల కిందటిది, కానీ ఇప్పటికీ గుర్తొస్తే బాగుండదు. యాభై ఎనిమిదేళ్ల ఆయన బీపీకి నా దగ్గరకు వచ్చేవారు. ఒక మాత్రతో మొదలుపెట్టాను, లొంగలేదు. రెండోది కలిపాను. ఏడాది తిరిగేసరికి మూడు మాత్రలు, అయినా బీపీ దిగదు, పైగా కిడ్నీల పనితీరు చెప్పే క్రియాటినిన్ మెల్లగా పెరుగుతోంది. అరుదైన హార్మోన్ జబ్బేమోనని ఖరీదైన పరీక్షలు రాయబోతున్నాను. వచ్చిన ప్రతిసారీ ‘వేరే మందులేమైనా వాడుతున్నారా?’ అని అడిగేవాణ్ణి. ‘లేదండీ’ అనేవారు. ఒకరోజు వాళ్లమ్మాయి తోడొచ్చి, మాత్రలన్నీ ఉన్న డబ్బా తెచ్చి బల్ల మీద బోర్లించింది. నేను రాసిన మూడూ ఉన్నాయి. వాటితో పాటు మోకాళ్ల నొప్పికి పూటకొకటి చొప్పున రెండేళ్లుగా వేసుకుంటున్న నొప్పి మాత్రల స్ట్రిప్పులు ఏడెనిమిది. ‘ఇది చెప్పలేదేమండీ?’ అన్నాను. ‘అది నొప్పి బిళ్ల కదా డాక్టరుగారూ, మందు కాదు కదా’ అన్నారు.

ఆయన అబద్ధం చెప్పలేదు. నేను అడిగిన ప్రశ్నే తప్పు. ఆయన లెక్కలో ‘మందు’ అంటే డాక్టరు రాసిచ్చేది. నొప్పి బిళ్ల ఇంట్లో ఎప్పుడూ ఉండే వస్తువు. ఆ జాతి నొప్పి మాత్రలు ఒంట్లో ఉప్పూ నీరూ నిలిచేలా చేసి బీపీ పెంచుతాయి, బీపీ మందుల పనిని అడ్డుకుంటాయి. కొన్ని రకాల బీపీ మందులతో, మూత్రం ఎక్కువ పోయేలా చేసే మాత్రలతో కలిస్తే కిడ్నీలకు మూడు వైపుల నుంచీ దెబ్బ. నేను బీపీ మందులు పెంచుతూ ఆ ఉచ్చును ఇంకా బిగించానన్న మాట. నొప్పి మాత్రలు ఆపించి, మోకాళ్లకు వేరే దారి చూశాక, కొన్ని వారాల్లో మూడు మందుల్లో రెండు తీసేయగలిగాను. అప్పట్నుంచి ‘మందులు వాడుతున్నారా’ అని అడగడం మానేశాను. ‘పొద్దున్నుంచి రాత్రిదాకా నోట్లోకి, ముక్కులోకి, కళ్లలోకి, ఒంటి మీదకి వెళ్లేవన్నీ ఒక సంచీలో వేసి తీసుకురండి’ అంటాను.

‘ముక్కులోకి’ అన్నది ఊరికే కాదు. ముక్కు దిబ్బడకు వాడే చుక్కలూ స్ప్రేలూ ఉన్నాయి కదా, వాటిలో చాలావాటిని మూడు నుంచి ఐదు రోజులకు మించి వాడకూడదు. మించితే మందు ప్రభావం తగ్గగానే ముక్కు మునుపటికంటే ఎక్కువగా మూసుకుపోతుంది, మళ్లీ వేస్తారు, మళ్లీ మూసుకుపోతుంది. ‘పదేళ్ల సైనస్’ అని వచ్చినవాళ్లలో ఆ చిన్న సీసాకు బానిసలైనవాళ్లు ఎందరో.

నోట్లోకి వెళ్లేదంటే మింగేదే కానక్కర్లేదు. కట్టుడు పళ్లు కదలకుండా అంటించే పేస్టు ఒకటుంటుంది. 2008లో అమెరికా న్యూరాలజిస్టులు నలుగురి గురించి రాశారు. కాళ్లు తిమ్మిర్లు, నడకలో తూలడం, రక్తహీనత. వాళ్ల రక్తంలో రాగి చాలా తక్కువగా, జింకు ఎక్కువగా ఉంది. కట్టుడు పళ్లు సరిగా పట్టకపోవడంతో, వారాల తరబడి సరిపోవాల్సిన పేస్టును వారానికి రెండు ట్యూబులు, అంతకంటే ఎక్కువ కూడా వాడేవారు. అందులో జింకు ఉంది. జింకు ఎక్కువైతే పేగు గోడల్లోని కణాలు రాగిని పట్టేసుకుని రక్తంలోకి పోనివ్వవు. రాగి లేక వెన్నుపాము దెబ్బతింటుంది. పేస్టు ఆపితే రక్తం కోలుకుంటుంది కానీ నరాలు పూర్తిగా కోలుకుంటాయన్న హామీ లేదు. పళ్ల డాక్టరు దగ్గర సెట్టు సరిచేయించుకుని ఉంటే అక్కడితో పోయేది.

కొన్ని అలవాట్లు మనిషికి ఏమీ చేయవు, రిపోర్టుకు జబ్బు తెస్తాయి. దీని గురించి కొంతమంది డాక్టర్లకే సరిగా తెలియదు. జుట్టుకూ గోళ్లకూ అని బయోటిన్ అనే విటమిన్ మాత్రలు వేసుకుంటారు కదా. పెద్దవాళ్లకు రోజుకు 30 మైక్రోగ్రాములు చాలు. ఆ మాత్రల్లో 5,000, 10,000 మైక్రోగ్రాములు ఉంటాయి. ఒంటికి దాంతో పెద్ద హాని లేదు. కానీ చాలా ల్యాబ్ యంత్రాలు హార్మోన్లను కొలవడానికి బయోటిన్‌నే జిగురులా వాడుకుంటాయి. రక్తంలో అది పొంగి ఉంటే యంత్రం పొరపడుతుంది. థైరాయిడ్ పరీక్షలో టీఎస్‌హెచ్ లేనంత తక్కువగా, టీ4 ఎక్కువగా చూపించి, అచ్చం థైరాయిడ్ విపరీతంగా పనిచేస్తున్న జబ్బులా రిపోర్టు వస్తుంది. మనిషి మాత్రం నిక్షేపంగా ఉంటాడు. ఇంతకంటే ప్రమాదం గుండెపోటు పరీక్షలో. ట్రోపోనిన్ తప్పుగా తక్కువ చూపించడంతో ఒక పేషెంటు చనిపోయిన సంగతిని 2017లో అమెరికా ఆహార, ఔషధ సంస్థ హెచ్చరికలో ప్రస్తావించింది. రక్త పరీక్షకు రెండు మూడు రోజుల ముందు ఆపమని మేము చెబుతాం. కానీ మీరు వాడుతున్నారని తెలిస్తేనే కదా చెప్పేది. మీ రిపోర్టులన్నీ నార్మల్ అన్నారు. ఇలాంటివి వాడుతుంటే అదీ రాయండి.

ఇక బల్ల మీద పెట్టలేని అలవాట్లు. ఎలా కూర్చుంటారు, ఏ పక్కకు పడుకుంటారు, బెల్టు ఎంత బిగిస్తారు, వెనక జేబులో పర్సుందా, ల్యాప్‌టాప్ ఒళ్లో పెట్టుకుంటారా. బిగుతైన బెల్టు తొడ బయటి వైపు నరాన్ని నొక్కి మంటా తిమ్మిరీ తెస్తుంది, వెన్నెముకకు ఎన్ని స్కాన్లు తీసినా కారణం కనపడదు. వేడెక్కిన ల్యాప్‌టాప్‌ను నెలల తరబడి తొడ మీద పెట్టుకుంటే చర్మం మీద గోధుమరంగు వల అల్లుకున్నట్టు మచ్చలొస్తాయి. 2012లో అచ్చయిన ఒక ఫొటో నా గదిలో ఇప్పటికీ ఉంది. 28 ఏళ్లు లారీ నడిపిన 69 ఏళ్ల డ్రైవర్ ముఖం అది. కుడివైపు వయసుకు తగ్గట్టుంది. కిటికీ వైపున్న ఎడమ సగం మాత్రం ముడతలు పడి, దళసరిగా, ఇరవై ఏళ్లు ముసలిదిలా కనిపిస్తుంది. అద్దం ఎండలోని ఒక రకం అతినీలలోహిత కిరణాలను చాలావరకు ఆపుతుంది, ఇంకో రకాన్ని లోపలికి వదిలేస్తుంది.

‘మీరేం పని చేస్తారు?’ అన్న ప్రశ్నను రోగిని తప్పకుండా అడగాలని ఇటలీ వైద్యుడు రామజ్జీని 1700లోనే రాశాడు. మూడు వందల ఏళ్లు దాటింది, మా ఓపీ చీట్లలో ఆ గడి ఇంకా ఖాళీగానే ఉంటుంది.

అలాగని ప్రతి అలవాటునూ అనుమానించకండి. కాలిఫోర్నియా డాక్టర్ డోనాల్డ్ అంగర్‌ను చిన్నప్పుడు వాళ్లమ్మా పిన్నులూ వేళ్లు విరుచుకుంటే కీళ్లవాతం వస్తుందని తిట్టేవారట. ఆయన యాభై ఏళ్ల పాటు రోజూ ఎడమచేతి వేళ్లు మాత్రమే విరిచి, కుడిచేతిని వదిలేసి, రెండు చేతులూ పోల్చుకుని 1998లో ఫలితం రాశాడు. తేడా ఏమీ లేదు. ముందు నవ్వించి, తర్వాత ఆలోచింపజేసే పరిశోధనలకిచ్చే ఇగ్ నోబెల్ బహుమతి కూడా దానికి 2009లో ఇచ్చారు. ఒక్కడి రెండు చేతులతో శాస్త్రం తేలదనుకోండి. తర్వాత ఎక్కువ మందిని చూసినవాళ్లకూ వేళ్లు విరవడానికీ కీళ్లవాతానికీ సంబంధం కనపడలేదు.

మీ తలనొప్పి దగ్గరకొద్దాం. మిమ్మల్ని చూడకుండా జబ్బు పేరు చెప్పను. కానీ ఎనిమిది నెలల తలనొప్పి, నార్మల్ ఎంఆర్ఐ, దినచర్య అడిగిన న్యూరాలజిస్టు అంటే ఆయన మనసులో ఏముందో కొంత ఊహించగలను. తలనొప్పికి వేసుకునే మాత్రలే తలనొప్పి తెస్తాయి. మామూలు నొప్పి మాత్రలు నెలకు 15 రోజులు, మైగ్రేన్‌కు వాడే ట్రిప్టాన్లు గానీ, రెండు మూడు మందులు కలిపి చేసిన మాత్రలు గానీ నెలకు 10 రోజులు, ఇలా మూడు నెలలకు మించి వాడితే ఈ అనుమానం పడాలి. ఇక్కడ లెక్క మాత్రలది కాదు, రోజులది. ఒకేరోజు నాలుగు వేసుకుంటే అది ఒక రోజే. రోజుకు సగం మాత్ర చొప్పున నెలంతా వేసుకుంటే అది ముప్పై రోజులు. ఈ రెండోదే ఎక్కువ చేటు, కానీ ‘సగమే కదా’ అని ఎవరూ చెప్పరు.

కాఫీ సంగతి కూడా చూడండి. రోజూ తాగేవాళ్లు మానితే 12 నుంచి 24 గంటల్లో తలనొప్పి మొదలవుతుంది. సెలవురోజు ఆలస్యంగా లేచేవాళ్లకు ఆ పూటే తల పగిలిపోయేది ఇందుకే కావచ్చు. కొన్ని తలనొప్పి మాత్రల్లో కూడా కెఫీన్ ఉంటుంది, స్ట్రిప్పు వెనక చదవండి.

రాసేటప్పుడు నొప్పి మొదలైన గంట ముందు రాయండి, దానికి ముందు ఆరు గంటల్లో ఏం చేశారో ఆ తర్వాత. నిద్రపోయిన గంట, లేచిన గంట. భోజనం తప్పిన పూట. మాత్ర పేరు, ఎన్నింటికి వేసుకున్నారు. గత ఏడాదిలో మారినవి వేరే కాగితం మీద: కొత్త కళ్లద్దాలు, కొత్త దిండు, కొత్త ఉద్యోగం, మానేసినది, మొదలుపెట్టినది. ఆ నల్ల మిఠాయి గుర్తుంది కదా, దొరికేది ఎక్కువగా ఈ రెండో కాగితంలోనే. ఇంట్లో ఇంకొకరికి ఇచ్చి చదివించండి. మీరు పళ్లు కొరుకుతారని, గురక పెడతారని మీకంటే వాళ్లకే బాగా తెలుసు. సిగరెట్టు, మద్యం ఉంటే దాచకండి, మేము తిట్టడానికి అడగం. నిజానికి తిట్టేవాళ్లూ ఉన్నారు, అలాంటి డాక్టరైతే మార్చండి.

రెండు వారాలు ఆగకుండా వెంటనే ఆసుపత్రికి వెళ్లాల్సినవి కూడా ఉన్నాయి. ఎన్నడూ లేనంత తీవ్రంగా, క్షణాల్లో పిడుగులా వచ్చే తలనొప్పి. జ్వరంతో మెడ బిగుసుకుపోవడం. మాట తడబడటం, ఒక చేయో కాలో పట్టు తప్పడం, చూపు పోవడం, మూర్ఛ. తలకు దెబ్బ తగిలాక నొప్పి పెరగడం. వీటికి డైరీ అక్కర్లేదు, స్కాన్ నార్మల్ అన్న ధైర్యమూ పనికిరాదు.

లెక్క వేశాక మాత్రల రోజులు ఎక్కువ తేలితే కంగారుపడి అన్నీ ఒకేసారి పారేయకండి. మామూలు నొప్పి మాత్రలను ఒక్కసారిగా ఆపొచ్చు కానీ, ఓపియాయిడ్లు (నల్లమందు జాతి నొప్పి మందులు), నిద్ర తెప్పించే మందులు కలిసినవి డాక్టరు చూస్తుండగానే తగ్గించాలి. ఆపిన మొదటి వారం పది రోజులు తలనొప్పి ఇంకా పెరుగుతుంది. చాలామంది అక్కడే ఓడిపోయి మళ్లీ మాత్ర వేసుకుంటారు. అందుకే ముఖ్యమైన పనులు లేని వారం చూసుకోమని, ఇంట్లోవాళ్లకు ముందే చెప్పి ఉంచమని నా పేషెంట్లకు చెబుతాను. మీ న్యూరాలజిస్టుతో ఆ వారం ఏదో కలిసి నిర్ణయించుకోండి. వెళ్లేటప్పుడు రెండు కాగితాలతో పాటు మాత్రల సంచీ కూడా పట్టుకెళ్లండి, ఖాళీ స్ట్రిప్పులతో సహా.